అన్నమ్మగారికి రాని ఓటు

వెళ్ళొచ్చి పది రోజులైంది. "ఏం చూసొచ్చారు మేడమ్?" అని విజయవాడలో మా పటమట వీధి వాళ్ళు అడుగుతూనే ఉన్నారు. నేను చూడ్డానికి వెళ్ళింది ఒక నియోజకవర్గాన్ని. దానికిప్పుడు ఎమ్మెల్యే లేడు, హద్దురాయి లేదు, ఏ మ్యాపులోనూ గీత లేదు. పోనీ ఫోటోలైనా చూపిద్దామంటే మినప చేలూ, ఒక ముసలావిడ చేతులూ తప్ప నా ఫోనులో ఏమీ లేవు. అందుకే రాస్తున్నాను.

ముప్పై ఏళ్ళకు పైగా హైస్కూల్లో సాంఘిక శాస్త్రం చెప్పి రిటైరయ్యాను. ప్రతి ఎన్నికకూ పోలింగ్ డ్యూటీ పడేది. ఎప్పుడో ఒక పాత గెజెట్ జిరాక్సు కాగితాలు దొరికితే చదువుతుంటే తెలిసింది. తెల్లవాళ్ళ పాలన చివరి రోజుల్లో మద్రాసు శాసనసభకు మతాన్ని బట్టి సీట్లు విడగొట్టారు. మా కృష్ణా జిల్లాలోనూ, ఆ చుట్టుపక్కలా ఉన్న క్రైస్తవులందరినీ కలిపి ఒక నియోజకవర్గం. అందులో నిలబడేదీ క్రైస్తవులే, ఓటు వేసేదీ క్రైస్తవులే. దేశానికి స్వాతంత్ర్యం వచ్చి, రాజ్యాంగం వచ్చాక ఆ సీటు చడీచప్పుడూ లేకుండా పోయింది. మా తాతయ్య ఆ సీటుకు ఓటరని విన్నాను. రిటైరయ్యాక తీరిక ఉంది కదా, ఆ ఊళ్ళన్నీ ఒకసారి తిరిగి రావాలనుకున్నాను.

గోంగూర ఒలుస్తూ ఇదంతా విన్న మా మేనత్త సువార్తమ్మ, "నేనూ వస్తాను" అంది. మా నాన్నకు అక్క ఆవిడ. ఎనభై ఎనిమిదేళ్ళు. బెజవాడలో నర్సుగా చేసి రిటైరై, పెళ్ళి చేసుకోక, ఇరవై ఏళ్ళుగా నా దగ్గరే ఉంటోంది. పుట్టిన ఊరు చూడాలని ముచ్చట పడుతోంది కాబోలనుకుని సరేనన్నాను.

కంకిపాడులో టీ

గురువారం భోజనాలయ్యాక బయల్దేరాం. కారు బాజీది. పదేళ్ళు ఆటోనగర్ షెడ్లో పనిచేసి, ఇప్పుడు సొంత కారు తిప్పుకుంటున్నాడు. నలభై దాటిన మనిషి, మాటకు ముందు నవ్వుతాడు. ఎక్కడికని అడిగితే, బ్రిటిష్ వాళ్ళ కాలం నాటి నియోజకవర్గం చూద్దామన్నాను.

"టికెట్టుంటదాండీ?" అన్నాడు.

కంకిపాడు దాకా వెళ్ళేసరికే అత్తయ్యకు టీ కావాల్సొచ్చింది. కప్పు పన్నెండు రూపాయలు, అల్లం ఘాటుకు కళ్ళు తెరుచుకున్నాయి. బల్ల మీద పేపరు చదువుతున్న పెద్దాయన ఒకరు, ఎవరింటికొచ్చారని అడిగారు. నాకు చెప్పాలన్న ఆత్రం ఎలాగూ ఉంది. బాజీకీ ఆయనకూ కలిపి పాఠం చెప్పేశాను.

"అంటే ఒకే వీధిలో మాకో ఎమ్మెల్యే, మీకో ఎమ్మెల్యేనా అండీ?" అన్నారాయన.

"అంతేనండీ. అదీ అందరికీ కాదు. పన్ను కట్టేవాళ్ళకి, ఆస్తున్నవాళ్ళకి, చదువొచ్చినవాళ్ళకే ఓటు."

"మరి వీధిలో రోడ్డు ఏ ఎమ్మెల్యే వేసేవాడండీ?"

"ఇద్దరూ వేసుండరు" అంది అత్తయ్య టీ ఊదుకుంటూ. ఆయన చాలాసేపు నవ్వారు. మా టీలకు తనే ఇచ్చేస్తానని పట్టుబట్టారు, ఇచ్చారు కూడా.

ఉయ్యూరు

ఉయ్యూరు దగ్గర చెరకు ట్రాక్టర్ల వెనక చిక్కుకున్నాం. ఫ్యాక్టరీ వైపు నుంచి కాగిన బెల్లంలా, కాస్త పులిసినట్టు ఒక వాసన ఊరంతా పట్టేసి ఉంది. అత్తయ్య అద్దం దించి ఆ వాసన పీల్చుకుంటూ కూర్చుంది.

"ఆ కాయితాల్లో ఓటర్ల పేర్లుంటాయా?" అంది కాసేపటికి.

"లేవత్తయ్యా. ఊళ్ళూ, ఓటు ఎవరికిస్తారన్న రూల్సూ, అంతే. భర్తకు అర్హతుంటే కొందరు ఆడవాళ్ళకి కూడా ఇచ్చారు. లేదంటే చదవడం రాయడం వచ్చని..."

"రుజువు చూపించాలి. నాకు తెలుసు. నేను చూశాను."

వివరం అడిగితే, "పామర్రులో చెప్తాలే" అంది.

పామర్రు

పామర్రు సెంటర్లో ఒక లాడ్జిలో దిగాం. కింద హోటల్లో పెసరట్టు ప్లేటు అరవై. మా విజయవాడలో ఆ ధరకు వచ్చేదానికి రెట్టింపుంది, అల్లం పచ్చడి గిన్నెడు పోశారు. ఇంకా పొద్దు కుంకలేదు. రోడ్డవతల వరి కోసిన చేలల్లో మినుము ఎండుతోంది. ప్లేటు పక్కకు జరిపి అత్తయ్య మొదలుపెట్టింది.

"మీ తాతయ్య చెడ్డవాడు కాదు. ముందది గుర్తుపెట్టుకో."

మా తాతయ్య మిషన్ స్కూల్లో మాస్టారు. ఊళ్ళో మా ప్రొటెస్టెంటు సంఘం వాళ్ళు పేటకు ఒక చివర, కతోలికులు ఇంకో చివర ఉండేవారట. ఒకరి గుడికి ఒకరు వెళ్ళరు, ఒకరింటి పిల్లను ఒకరు చేసుకోరు. తాతయ్య ఊరి పిల్లలందరికీ చదువు చెప్పాడు గానీ సొంత కూతురికి మాత్రం అక్షరం ఎక్కించలేకపోయాడు. బెత్తం చూస్తే అత్తయ్యకు నోరు పెగిలేది కాదు. కతోలికుల వైపు అన్నమ్మగారని ఒకావిడ ఉండేది. చిన్నప్పుడు మఠంలో సిస్టర్ల దగ్గర చదువుకుంది. తన కూతురు లూర్దుకు వసారాలో ఇసక పోసి అక్షరాలు దిద్దిస్తూ, దొంగచాటుగా వచ్చి నిలబడే మాస్టారి పిల్లను కూడా కూర్చోబెట్టుకుంది.

"మూడు నెలల్లో చదవడం వచ్చేసిందే. నాన్న తన బెత్తం వల్లే వచ్చిందనుకున్నాడు. నేనూ అనుకోనిచ్చాను. అటువైపు వెళ్ళానని తెలిస్తే చంపేసేవాడు."

స్వాతంత్ర్యం రావడానికి ముందటేడు ఎన్నికలొచ్చాయి. మా సీటుకు మా సంఘం మనిషి ఒకరు, కతోలికుల మనిషి ఒకరు నిలబడ్డారు. ఓటున్నవాళ్ళే కొద్దిమంది. ఒక పేరు చేరినా, ఒక పేరు పోయినా అటూ ఇటూ అయ్యేలా ఉంది. చదువుకున్న ఆడదాన్ని కదా, నా పేరూ రాయండని అన్నమ్మగారు దరఖాస్తు పెట్టుకుంది. ఆవిడకు చదువు రాదు, జపాలు కంఠతా వచ్చంతే అని తాతయ్య అభ్యంతరం రాసిచ్చాడు. విచారణకు ఆఫీసరు ఊళ్ళోకి వచ్చి బళ్ళోనే కూర్చున్నాడు.

"రుజువేంటమ్మా అని అడిగాడు ఆయన. అన్నమ్మగారు అటూ ఇటూ చూసి, గుమ్మం దగ్గరున్న నన్ను చూపించింది. 'ఆ పిల్లకి అక్షరాలు నేర్పింది నేనేనండీ, అడగండి' అంది. మాస్టారి పిల్లే కదా, అబద్ధమెందుకాడుద్దనుకుంది పాపం. ఆయన నన్ను పిలిచి అడిగాడు."

"మీరేం చెప్పారు?"

"నాన్న వైపు చూశాను. 'మా నాన్న నేర్పాడండీ' అన్నాను."

అప్పుడు ఆఫీసరు ఒక కాగితం ఇచ్చి చదవమన్నాడట. అన్నమ్మగారు దాన్ని పట్టుకుని చాలాసేపు నిలబడింది. ఒక్క అక్షరమూ పలకలేకపోయింది. పేరు కొట్టేశారు. జనం నవ్వారు. ఏడాది తిరక్కుండా తాతయ్యకు బెజవాడ బదిలీ అయింది. అత్తయ్య మళ్ళీ ఆ ఊరు వెళ్ళలేదు.

"నా మాటకి ఆవిడ గుండె జారిపోయిందే. అందుకే చదవలేకపోయింది. ఆవిడెటూ పోయుంటుంది. లూర్దు ఉంటే చెప్పుకోవాలి. నా కంటే ఏడాది చిన్నది."

మా హాల్లో తాతయ్య ఫోటో ఉంది. తలపాగా, చేతిలో పుస్తకం. ఆ ఫోటో కింద నిలబెట్టి మా పిల్లలకు ఆయన గురించి ఎన్నో చెప్పాను. మిగిలిన పెసరట్టు తినలేకపోయాను. నేను నియోజకవర్గం చూడ్డానికి వచ్చాను, ఆవిడ మాత్రం ఎనభై ఏళ్ళుగా ఆ బడి గుమ్మం దగ్గరే నిలబడి ఉంది.

కాలువ గట్టు మీద

ఊరి పేరు రాయను. అటు వాళ్ళూ ఇటు వాళ్ళూ ఇప్పుడు అక్కడ కలిసిమెలిసి ఉంటున్నారు. శుక్రవారం పొద్దున్నే కాలువ గట్టు రోడ్డు పట్టాం. రోడ్డు పొడుగునా కాయలతో కోసిన మినప కట్టె పరిచి ఉంది. బళ్ళు తొక్కితే కాయలు పగిలి గింజ రాలుతుందని ఇక్కడ అందరూ అలాగే ఎండబెడతారు. మా వీధిలో ఎవరైనా రోడ్డు మీద వడియాలు పెడితేనే గొడవైపోతుంది.

అర కిలోమీటరు వెళ్ళామో లేదో కాలిన వాసన. బాజీ కారాపి కిందకు దూరాడు. కట్టెంతా చక్రాల ఇరుసుకు తాడులా చుట్టుకుపోయిందట. "ఇంకాస్త పోనిస్తే అంటుకునేదండీ" అన్నాడు. దాన్ని కోసి తియ్యడానికి ముప్పావు గంట పట్టింది. మినుము తిరగేస్తున్న ఒకావిడ కొడవలి ఇచ్చి, తన గొడుగు అత్తయ్య నెత్తిన పట్టింది. పేరు నాగమణి. యాభై ఏళ్ళుంటాయి. పొలం వాళ్ళదే.

"మా పంట మీ కారుకి చుట్టుకుందండి, ఏమనుకోకండి మామ్మగారూ" అంది, తప్పు తనదన్నట్టు.

అత్తయ్య ఊరి సంగతులు అడిగింది. పాత బడి పడగొట్టి సచివాలయం కట్టారట. పేట చివర ఆ వసారా ఇల్లూ లేదు.

"అన్నమ్మగారని ఉండేవారు. వాళ్ళమ్మాయి లూర్దు" అంది అత్తయ్య, గొంతు తగ్గించి.

"లూర్దమ్మగారా? బందర్లో కూతురి దగ్గరున్నారండి. మొన్న క్రిస్మస్‌కి సమాధులకి సున్నం వేయించడానికొచ్చారు. కళ్ళు కనపడవు గానీ నోరు మాత్రం తగ్గలేదండి" అని నాగమణి నవ్వి, కూతురు ఫిలోమిన నంబరు ఇచ్చింది. ఫోను నేనే చేశాను. మధ్యాహ్నం భోజనానికి రమ్మంది ఫిలోమిన.

ఊళ్ళోకి వెళ్దామా అని అడిగితే అత్తయ్య వద్దంది. బాజీని మాత్రం తొందరపెట్టింది.

బందరు

బందర్లో తొక్కుడు లడ్డు కొన్నాం. కిలో నాలుగు వందలు. దుకాణం ఆయన రుచి చూడమని చేతిలో పెట్టిన ముక్కే అర లడ్డుంది. అత్తయ్య తినకుండా రుమాల్లో చుట్టుకుంది.

చర్చి వెనక సందులో రెండు గదుల డాబా. ఫిలోమిన బళ్ళో టీచరు, ఆ రోజు ఒక పూట సెలవు పెట్టిందట. అవి ఈస్టరుకు ముందొచ్చే శ్రమల రోజులు. శుక్రవారమంటే మా ఇంట్లో సాయంత్రం దాకా ఏమీ తినం, భోజనానికి పిలిచారని ఆ రోజుకు ఆ నియమం పక్కన పెట్టాం. వాళ్ళు మాంసం ముట్టరు గానీ చేప తినొచ్చు. చందువా పులుసు వాసన గుమ్మంలోకే వచ్చింది. గోడ మీద మరియమ్మ పటానికి మల్లెదండ వేసి ఉంది. మా ఇళ్ళలో పటాలకు దండలుండవు. అత్తయ్య ఆ పటం వంక చూసి చెప్పులు ఇంకాస్త దూరంగా విడిచింది.

మంచం మీద లూర్దమ్మగారు కూర్చుని ఉన్నారు. బక్కపలచటి మనిషి, తెల్ల చీర. కళ్ళ మీద పొర.

"ఎవరూ?"

"నేనే లూర్దూ. మాస్టారి సువార్తని."

ఆవిడ మొహం మా వైపు తిప్పారు. "ఎప్పుడూ ముక్కు కారుతా ఉండేది, ఆ సువార్తవేనా?"

"ఆ సువార్తనే."

"రా, కూర్చో. భోంచేద్దాం ముందు."

"కాదు. ఓ మాట చెప్పాలి. చెప్పాకే తింటాను. విన్నాక నువ్వు పెడితే."

మంచం అంచున కూర్చుని, పామర్రులో నాకు చెప్పిందంతా చెప్పింది. ఈసారి తాతయ్య చెడ్డవాడు కాదన్న మాటతో మొదలుపెట్టలేదు. "మీ అమ్మ నన్ను చూపించింది, నేను కాదన్నాను. నా వల్లే చదవలేకపోయింది" అని ముగించింది. నేను గోడ కానుకుని నిలబడ్డాను. ఫిలోమిన గరిటె పట్టుకుని వంటింటి గుమ్మంలో ఆగిపోయింది.

"నీ వల్ల కాదు" అన్నారు లూర్దమ్మగారు. "మా అమ్మకి చత్వారం."

"ఏంటీ?"

"దగ్గరివి కనపడేవి కాదే. ఇసకలో అక్షరాలంటే చెయ్యంత పెద్దవి. ఆయనిచ్చిన కాయితం మీద చీమల్లా ఉన్నాయంట. కనపడట్లేదని అంతమంది మగాళ్ళ ముందు చెప్పడానికి సిగ్గుపడింది. ఇంట్లోనూ చెప్పలా. రెండేళ్ళు పోయాక ఇక్కడే, బందర్లో, అద్దాలు కొనుక్కొచ్చుకుంటే మాకు తెలిసింది."

"అయితే నా తప్పు లేదంటావా?" అంది అత్తయ్య, చిన్నపిల్లలా.

"లేదని నేననలా" అన్నారావిడ. గొంతులో కోపమేమీ లేదు. "నువ్వు అవునని ఉంటే ఆ కాయితం ఇచ్చేవాడే కాదు. మా అమ్మకి ఓటొచ్చేది. వారం రోజులు సరిగ్గా అన్నం తినలా. అది నిజమే కదా."

"నిజమే."

"కానీ ఆ రోజు ఇంటికొచ్చి నాతో ఏమందో తెలుసా? 'రేపు సువార్త వస్తే లోపలికి పిలువు, దానికి ఒత్తులింకా పూర్తి కాలా' అంది. పొద్దున్నే కొత్త ఇసక తెచ్చి పోసింది. చాలా రోజులు చూసింది. నువ్వు రాలా."

అత్తయ్య రెండు చేతులతో మొహం కప్పుకుంది. మా నాన్న పోయినప్పుడు కూడా ఆవిడ అలా ఏడవడం నేను చూడలేదు. లూర్దమ్మగారు తడుముకుంటూ వచ్చి భుజం పట్టుకున్నారు.

తర్వాత కథంతా అన్నం తింటూ ఆవిడే చెప్పారు. స్వాతంత్ర్యం వచ్చాక అందరికీ ఓటు ఇచ్చిన మొదటి ఎన్నికల్లో అన్నమ్మగారు పొద్దున్నే వెళ్ళి వరసలో నిలబడింది. చదువొచ్చా అని అడిగితే చదివి చూపిద్దామని కొంగుకు అద్దాలు ముడేసుకుని వెళ్ళిందట. ఎవరూ అడగలేదు. వేలికి సిరా పూసి పంపేశారు. "ఓటేసినందుకు సంతోషమే. అడగలేదని కాస్త నొచ్చుకుంది కూడా" అన్నారు లూర్దమ్మగారు. ఫిలోమిన నవ్వింది. అత్తయ్య కూడా, ముక్కు తుడుచుకుంటూ.

"నువ్వు బెజవాడలో నర్సువయ్యావని ఎవరో చెప్పారు. ఇంక ఫాదరొచ్చినా, సిస్టర్లొచ్చినా అదే చెప్పేది. 'నా దగ్గర దిద్దిన పిల్ల, పెద్దాసుపత్రిలో నర్సు' అని. చచ్చిపోయేదాకా చెప్పింది. కావాలంటే దీన్నడుగు."

"నిజమేనండీ పెద్దమ్మా" అంది ఫిలోమిన. "మీ పేరు వినీ వినీ, నేనెప్పుడూ చూడని మా చుట్టాలావిడ ఎవరో అనుకునేదాన్ని చిన్నప్పుడు."

ఎనభై ఏళ్ళ కిందట తను కాదన్న మనిషి బతికినన్నాళ్ళూ తనను ఔనంటూనే ఉందన్న సంగతి, ఆ పూట పులుసు కలుపుకుంటూ మా అత్తయ్యకు తెలిసింది. ఆవిడ రెండోసారి అన్నం పెట్టించుకుంది. ఈ మధ్య అలా ఎప్పుడూ పెట్టించుకోలేదు.

ఒక్కదాన్నే వెనక్కి

ఆ రాత్రి వాళ్ళింట్లోనే ఉండిపోయాం. శనివారం పొద్దున నేను సంచి సర్దుతుంటే అత్తయ్య, "నేను రెండ్రోజులుండి వస్తానే" అంది. బీపీ మాత్రలు సరిపోవన్నాను. బందర్లో మందుల షాపులు లేవా అంది ఫిలోమిన. ఎనభై ఎనిమిదేళ్ళ మనిషిని వదిలి రావడానికి మనసొప్పలేదు గానీ, మంచం మీద ఇద్దరూ ఒకే దుప్పటి కాళ్ళ మీద వేసుకుని కూర్చున్న తీరు చూశాక ఇంకేమీ అనలేకపోయాను.

దారిలో బాజీ, "చూశారాండీ మీ నియోజకవర్గం?" అని అడిగాడు. చూశానన్నాను. గెజెట్ కాగితాల్లో ఊళ్ళ పేర్లున్నాయి, హద్దులున్నాయి, అర్హతలున్నాయి. ఎవరెవరికి ఓటు దక్కలేదో, దక్కనివాళ్ళు ఇంటికి వెళ్ళి ఆ సాయంత్రం ఏం చేశారో ఎవరూ రాసి పెట్టలేదు. తాతయ్య ఫోటో ఇంటికి రాగానే తీసేద్దామా అనుకున్నాను. తీయలేదు. పిల్లలకు ఇకమీదట ఆయన గురించి చెప్పినప్పుడు అన్నమ్మగారి గురించి కూడా చెప్పాలనుకున్నాను, అంతే.

రెండ్రోజులన్నది పదిరోజులైంది. ఈ పొద్దున ఫోను చేశాను.

"ఎప్పుడొస్తారత్తయ్యా? బాజీని పంపనా?"

"చూద్దాంలే. దీనికి రోజూ పేపరు చదివి పెట్టాలి. ఫిలోమినకి తీరికెక్కడిది? పేజీ పేజీకీ నాతో తగువు. నేను మంచివాడన్నవాణ్ణి ఇది దొంగంటది, ఇది మంచివాడన్నవాణ్ణి..."

వెనక నుంచి లూర్దమ్మగారి గొంతు: "నీ ఓటు నీది, నా ఓటు నాది. పేపరు చదువు."

అత్తయ్య ఫోను మంచం మీద పెట్టింది గానీ కట్టేయడం మర్చిపోయింది. జిల్లా పేజీ చదవడం మొదలుపెట్టింది. కాలువలకు నీళ్ళు ఎప్పుడు వదులుతారో, మినుము ధర ఎంత పలికిందో, ఒక్కో మాటా ఆగి ఆగి, స్పష్టంగా. నేను ఫోను చెవి దగ్గరే పెట్టుకుని, ఆ పేజీ అయ్యేదాకా విన్నాను.